హీరో నవ్వించకూడదు: థాయ్ ఫైట్లలో కామెడీ ఎక్కడ కూర్చుంటుంది

షార్ట్ ఫిల్మ్ తీసిన ఒకరు అడిగిన ప్రశ్న క్లుప్తంగా ఇది. థాయ్ యాక్షన్ సినిమా 'ఓంగ్ బాక్'లో సందుల్లో పరుగు సీన్ చూస్తే దెబ్బలు నిజంగా తగులుతున్నట్టే ఉంటాయి, అయినా పొట్ట పట్టుకుని నవ్వుతాం. అదే పద్ధతిలో 12 నిమిషాల షార్ట్ ఫిల్మ్ తీస్తే ఫైటు తేలిపోయింది, కామెడీ చికాకు పెట్టింది. తప్పు ఎక్కడ?

ముందు ఒకటి చూసుకోండి. మీ సినిమాలో కొట్టేవాడే నవ్విస్తున్నాడా? అలాగైతే తప్పు అక్కడే. మీరు జాకీ చాన్ పద్ధతిని థాయ్ పద్ధతి అనుకుని తీశారు. హాంకాంగ్ పద్ధతిలో కొట్టేదీ నవ్వించేదీ ఒకే ఒళ్ళు. పీకింగ్ ఒపెరా అనే చైనా సంగీత నాటకాల బడిలో చిన్నప్పటినుంచీ పిల్లిమొగ్గలూ ముఖాభినయమూ కలిపి నేర్చుకున్నవాళ్ళకే అది సాధ్యం. థాయ్‌లో ఆ రెండు పనులూ రెండు వేర్వేరు చోట్ల పెరిగాయి, తెరమీద కూడా రెండు వేర్వేరు ఒళ్ళలోనే ఉంటాయి. 2003 నాటి 'ఓంగ్ బాక్'లో టోనీ జా వేసిన తింగ్ మొదటినుంచి చివరిదాకా ఒక్క జోకూ వెయ్యడు. నవ్వించే బరువంతా పెచ్‌తాయ్ వోంగ్‌కమ్‌లావ్ వేసిన హమ్‌లేది. థాయ్ జనం ఆయన్ని మమ్ జోక్‌మోక్ అంటారు. వాళ్ళిద్దరూ ఒకే సందులో, ఒకే ఫ్రేములో పరుగెత్తుతారు. అయితే ఒకడి పని రెండోవాడు ముట్టుకోడు.

ఈ పని పంపకం ఎక్కడినుంచి వచ్చిందో తెలిస్తే మిగతాది తేలిక. బ్యాంకాక్‌లో రాత్రిపూట భోజనాలూ పాటలూ ఉండే పెద్ద హోటళ్ళను కేఫేలనేవారు. పాటకీ పాటకీ మధ్య హాస్య బృందాలు స్టేజి ఎక్కేవి. బృందాన్ని 'ఖణ' అంటారు, మన గణమే ఆ మాట. అందులో ఒకడు జోకు 'కాచి' ఇస్తాడు, రెండోవాడు దాన్ని 'చరుస్తాడు'. థాయ్‌లో ఈ రెండు పనులకీ వాడే మాటలు అచ్చంగా అవే: కాఫీ కలపడం, చెంపదెబ్బ. పక్కన డ్రమ్స్ వాయించేవాడు ప్రతి చరుపుకీ ఒక దరువు వేస్తాడు. వాళ్ళకి బ్రహ్మాస్త్రం పల్చటి రేకు పళ్ళెం. పక్కవాడి నెత్తిన 'డంగ్' మనిపిస్తే హాలంతా నవ్వు. మమ్ వచ్చింది అక్కడినుంచే, ఆ తర్వాతే టీవీ, సినిమా.

నెత్తి మీదే ఎందుకంటే, థాయ్ మర్యాదలో తల అన్నిటికంటే పైది, పాదం అన్నిటికంటే కిందది. పెద్దల తల ముట్టుకోవడమే తప్పు. కాలు ఎవరికైనా తగిలితే దండం పెట్టుకునే మనకి ఇది వివరించనక్కర్లేదు. పళ్ళెం దెబ్బ నొప్పి వల్ల నవ్వు రాదు, మర్యాద జారిపోవడం వల్ల వస్తుంది. అందుకే పళ్ళెం దెబ్బ తిన్నవాడు నొప్పితో అరిస్తే నవ్వు చచ్చిపోతుంది. అవమానంతో ఒక్క క్షణం బిగుసుకుపోవాలి. థాయ్ బాక్సింగ్ అయిన ముయ్ థాయ్‌లో కాలు తలదాకా లేచినా, మోకాలు గడ్డానికి తగిలినా నవ్వు రాదు, ఎందుకంటే బరిలోకి దిగేముందే గురువుకీ బరికీ నమస్కారం చేసే 'వాయ్ ఖ్రూ' ఉంది. ఆ గౌరవం కాలికి అనుమతి ఇచ్చేసింది. తల మీద పడే ఈ రెండు దెబ్బల తేడా తెలిస్తే మీ సీన్ సగం కుదిరినట్టే.

ఇంకో పాత అలవాటు కూడా ఉంది. 1950, 60ల్లో థాయ్ సినిమాలు ఎక్కువగా 16 ఎం.ఎం. మీద శబ్దం లేకుండా తీసేవారు. ప్రదర్శన జరుగుతుంటే డబ్బింగ్ కళాకారులు హాల్లోనే కూర్చుని అన్ని గొంతులూ పలికేవారు. వాళ్ళ పేరు 'నక్ ఫాక్', అందులోని 'ఫాక్' మన వాక్యమే. ఒకే టికెట్టుకి ప్రేమా ఏడుపూ కొట్లాటా నవ్వూ అన్నీ ఉండాలని ప్రేక్షకుడు అడిగేవాడు. దాన్ని 'ఖ్రోప్ రోత్' అంటారు, అన్ని రుచులూ అని. ఆ 'రోత్' కూడా మన రసమే, చివరి 'స' వాళ్ళ నోట 'త' అయింది. తెలుగులోనూ ఈ కోరిక ఉంది గానీ మనవాళ్ళు చాలాకాలం దీన్ని వేరే కంచంలో వడ్డించారు. కామెడీ ట్రాక్ వేరుగా రాసి, వేరుగా తీసి, మధ్యలో అతికించారు. మీ షార్ట్ ఫిల్మ్‌లోనూ ఆ అలవాటే వచ్చి ఉండొచ్చు: ఫైటు ఆగుతుంది, కామెడీ వస్తుంది, మళ్ళీ ఫైటు మొదలవుతుంది. ఆగిన ఫైటుకి తిరిగి ఊపు తేవడం ఎవరివల్లా కాదు.

ఇక 'ఓంగ్ బాక్' పరుగు సీన్‌ని విప్పి చూద్దాం. ఫైట్స్ కూర్చింది పన్నా రిత్తిక్రై. 1961లో ఖోన్ కేన్‌లో పుట్టి, ఈశాన్య థాయ్‌లాండ్ అయిన ఈసాన్ ప్రాంతంలో తక్కువ డబ్బుతో యాక్షన్ సినిమాలు తీస్తూ ఎదిగి, 2014లో పోయారు. టోనీ జా సొంతూరు సురిన్, మమ్‌ది యసోథోన్, ఇవీ ఈసానే. బ్యాంకాక్ సినిమాల్లో ఈసాన్ యాస చాలాకాలం పనిమనిషికో జోకర్‌కో పెట్టేవారు, తెలంగాణ యాసకి మన సినిమాల్లో ఒకప్పుడు పట్టిన గతే. ఇక్కడ వీరుడూ హాస్యగాడూ ఒకే ఊరివాళ్ళు. ఒకడు ఊరిని నెత్తిన పెట్టుకున్నాడు, ఇంకొకడు జుట్టుకు రంగేసి 'జార్జ్' అని పేరు మార్చుకుని ఊరిని దాచుకున్నాడు. హాస్యం పుట్టేది ఆ దాచుకోవడంలోంచి, కిందపడటం దాని తర్వాతే. మీ హాస్యగాడు ఏం దాస్తున్నాడో ముందు రాసుకోండి. అది లేకుండా పళ్ళేలూ అరటి తొక్కలూ ఎన్ని తెచ్చినా తాటాకు చప్పుళ్ళే.

ఆ సీన్‌లో తింగ్ దాటే అడ్డంకులు చూడండి: ముళ్ళతీగ చుట్టలోంచి దూకడం, రెండు అద్దాల మధ్య ఇరుకులోంచి వెళ్ళడం, కారు కిందినుంచి కాళ్ళు రెండు పక్కలకీ చాపి జారిపోవడం. ప్రతిదీ వీధిలో ఉండే వస్తువే. దాటుతున్నప్పుడు అతని ముఖంలో గర్వం లేదు, కంగారు లేదు, పని మీద వెళ్తున్నవాడి ముఖం. ఆ ముఖం వల్లే వెనక తరిమేవాళ్ళ అవస్థ నవ్వు తెప్పిస్తుంది. అసాధ్యమైన దాన్ని మామూలుగా చేసేవాడొకడు, మామూలుదాన్నీ చెయ్యలేని వాళ్ళు పదిమంది.

హమ్‌లే కత్తి ముక్క ఇంకా నేర్పుగా కట్టారు. మూలకి దొరికిపోయిన హమ్‌లే చేతికి అందిన కత్తి తీసి బెదిరిస్తాడు, తరిమేవాళ్ళు వెనక్కి తగ్గుతారు. సరిగ్గా అప్పుడు కత్తులమ్ముకునే ఆవిడ అటుగా వస్తుంది. మరుక్షణం వాళ్ళందరి చేతుల్లోనూ కత్తులు, హమ్‌లే మళ్ళీ పరుగు. మూడే మెట్లు. ఇందులో ఒక్క దెబ్బ కూడా లేదు, ఎవరూ కిందపడలేదు, అయినా పరుగు ఆగలేదు. కామెడీ ముక్క ముగిసేసరికి ప్రమాదం మొదటికంటే పెరిగింది. సూత్రంగా పెట్టుకోవాల్సింది ఇదే: ఏ నవ్వు ముక్క తర్వాతైనా హీరో పక్షానికి ఇబ్బంది ఎక్కువ కావాలి, కనీసం దారి మారాలి. ఎడిటింగ్ టేబుల్ మీద ఒక జోకు తీసేసి చూడండి. కథ ఎక్కడా తడబడకపోతే ఆ జోకు అక్కడ అక్కర్లేదు.

అదే సినిమాలో బరిలోకి తింగ్ మొదటిసారి దిగేది పోయిన డబ్బు కోసం. ఊరివాళ్ళు పోగుచేసి ఇచ్చిన సొమ్ము హమ్‌లే కాజేసి పందెం కాశాడు. ఎదుటివాడు ఎగిరి వస్తాడు, తింగ్ ఒక్క మోకాలి దెబ్బ వేస్తాడు, అయిపోతుంది. బరి చుట్టూ ఉన్నవాళ్ళు నిశ్శబ్దం. మనకి నవ్వు వస్తుంది గానీ అది కామెడీ సీన్ కాదు. ఫైటు నిడివిని అనుకున్నదానికంటే బాగా తగ్గిస్తే అదే హాస్యం అవుతుంది. పైసా ఖర్చులేని ఈ ఉపాయాన్ని మనవాళ్ళు ఎందుకు వాడరో అర్థం కాదు.

ఇక రిపీట్ షాట్లు. అప్పటి థాయ్ యాక్షన్ సినిమాల్లో పెద్ద స్టంట్ పడగానే అదే చర్యని వేరే కోణం నుంచి రెండోసారి, కొన్నిసార్లు మూడోసారి చూపిస్తారు. రోపుల్లేవు, గ్రాఫిక్స్ లేవు, డూప్ లేడు అన్నదే 'ఓంగ్ బాక్'ని అమ్ముకున్న మాట కాబట్టి అది సాక్ష్యం చూపించడం. బాక్సింగ్ ప్రసారంలో నాకౌట్‌ని మళ్ళీ చూపించినట్టు. దీన్ని కాపీ కొట్టేవాళ్ళు చేసే తప్పు, జోకుని కూడా తిప్పి వెయ్యడం. స్టంట్ రెండోసారి చూస్తే పెరుగుతుంది, జోకు రెండోసారి చూస్తే చస్తుంది. స్టంటూ జోకూ ఒకే షాట్‌లో ఉంటే రెండో కోణంలో హాస్యగాడిని ఫ్రేమ్ బయటికి నెట్టెయ్యండి.

కెమెరా సంగతి. ఇద్దరూ తలనుంచి పాదందాకా ఒకే ఫ్రేములో ఉండాలి. సందు వెడల్పు ఒకటిన్నర, రెండు మీటర్లయితే ఫుల్ ఫ్రేమ్ కెమెరా మీద 24 నుంచి 28 ఎం.ఎం. లెన్స్ సరిపోతుంది. అంతకంటే వైడ్ పెడితే తన్నే కాలు సాగినట్టై దెబ్బ బరువు పోతుంది. 85 పెడితే ఒళ్ళు కనిపించదు, ముఖాలే మిగులుతాయి. పాతకాలపు థాయ్ యుద్ధవిద్య ముయ్ బోరాన్ దెబ్బలకి పెద్ద ఆకారాలుంటాయి, దూరంనుంచే చదవచ్చు. రెండు పిడికిళ్ళూ కలిపి గడ్డం కిందినుంచి పైకి కొట్టేదాన్ని 'హనుమాన్ తవాయ్ వేన్' అంటారు, హనుమంతుడు ఉంగరం సమర్పించడమని. వెనక్కి తిరిగి మడమతో కొట్టేది మొసలి తోక విసరడం. ఇలాంటివి కొరియోగ్రఫీలో రెండు మూడు ఎంచుకుని క్లోజప్ లేకుండా తియ్యండి. గుద్దుల వర్షం కురిపిస్తే ఏదీ గుర్తుండదు, హాస్యగాడికి అనుకరించడానికి కూడా ఏమీ దొరకదు.

వేగం దగ్గర చాలా మంది బోల్తా పడతారు. సెకనుకి 22 ఫ్రేముల్లో తీసి 24లో ఆడిస్తే దాదాపు 9 శాతం వేగం పెరుగుతుంది, ఎవరూ పట్టుకోలేరు. డిజిటల్‌లో 24లోనే తీసి టైమ్‌లైన్ మీద 105 నుంచి 109 శాతానికి పెంచినా అదే ఫలితం. 18లో తీస్తే 33 శాతం పెరుగుతుంది. మనిషి పరుగు కంటే ముందు పడే వస్తువులు మిమ్మల్ని పట్టిస్తాయి. మీటరు ఎత్తునుంచి కుండ కింద పడటానికి 24 లెక్కన సుమారు 11 ఫ్రేములు పట్టాలి, 18లో తీస్తే 8 ఫ్రేముల్లోనే పడిపోతుంది. కన్ను దాన్ని లెక్కపెట్టదు గానీ 'ఇది ఉత్తుత్తి' అనేస్తుంది. ఆ తర్వాత టోనీ జా దిగివచ్చి తన్నినా ఎవరూ నమ్మరు. వేగం పెంచాలంటే ఏమీ పడని, చొక్కా ఎగరని షాట్లకే పెంచండి.

దెబ్బ తగిలే చోట ఎడిటింగ్‌లో రెండు ఫ్రేములు తీసేయడం పాత చిట్కా, ఇప్పటికీ పనిచేస్తుంది. నవ్వు ముక్కకి ఇది తిరగబడుతుంది. అక్కడ తియ్యకూడదు, కలపాలి. పళ్ళెం తగిలాక 12 నుంచి 18 ఫ్రేములు ఏమీ జరగకూడదు. ఆ అరసెకను పైచిలుకు ప్రేక్షకుడికి 'ఇప్పుడేం చేస్తాడు' అని ఆలోచించే సమయం. మీరు ఫైటు లయలోనే కామెడీనీ కోస్తే ఆ అరసెకను పోయి ఉంటుంది, నవ్వు రాదు. ఒకే నిమిషంలో రెండు లయలు నడపాలి కాబట్టి ఈ రకం సీన్‌కి ఎడిటర్‌ని షూటింగ్ రోజునే పక్కన కూర్చోబెట్టుకోవడం మంచిది.

శబ్దంలో కఠినంగా ఉండండి. థాయ్ టీవీ కామెడీలో స్ప్రింగు శబ్దాలూ ఈలలూ కుప్పలుగా ఉంటాయి, అవి స్టూడియో షోకి బాగుంటాయి. సినిమా ఫైట్‌లో హీరో దెబ్బకి 'బొయ్య్' అని పెడితే అక్కడితో హీరో పని అయిపోయినట్టే. హీరో మోకాలికి మాంసం మీద పడిన బరువైన, తక్కువ స్వరపు మోత. హాస్యగాడి చుట్టూ జరిగే వాటికి నిజమైన వస్తువుల చప్పుడు: రేకు పళ్ళెం, సోమ్‌తామ్ బండి (పచ్చి బొప్పాయి సలాడ్ అమ్మేది) మీది రోలు, కూలిన గిన్నెలు. రోలు చప్పుడుకి మీరు వేరేగా రికార్డింగు వెతుక్కోనక్కర్లేదు, పచ్చడి నూరే ఇంట్లో దొరుకుతుంది. కామెడీ సంగీతం మాత్రం వద్దు. పరుగుకి పెట్టిన సంగీతమే కొనసాగాలి, నవ్వు ముక్క దగ్గర కావాలంటే అది ఒక్కసారి ఆగిపోవచ్చు.

వస్తువులూ ఒళ్ళూ గురించి వివరంగా చెప్పాలి. ఈ రకం షూటింగుల్లో దెబ్బలు ఎక్కువగా తగిలేది ఫైటర్లకి కాదు, కామెడీ చేసేవాళ్ళకి. 'ఇది చిన్నగా పడటమే కదా' అని ప్యాడ్లు కట్టుకోరు. పిరుదుల మీద పడటం అన్నిటికంటే ప్రమాదం, తోక ఎముక తిన్నగా నేలకి తగిలితే నెలల తరబడి కూర్చోలేరు. ఒక పక్క పిరుదు మీద పడి వీపు మీదికి దొర్లాలి. మోకాళ్ళు వంచి, గడ్డం గుండెకి ఆనించి, ఊపిరి బయటికి వదులుతూ పడాలి. చేతుల్ని వెనక్కి పెట్టి ఆపుకోబోతే మణికట్టు విరుగుతుంది. ప్యాంటు లోపల నడుము కింద ఒక పల్చటి ఫోమ్ షార్ట్స్, మోకాలి ప్యాడ్లు తప్పనిసరి, అందుకే కాస్ట్యూమ్ రెండు సైజులు వదులుగా కుట్టించండి. వదులు ప్యాంటు ఎలాగూ నవ్వుకి పనికొస్తుంది.

పళ్ళెం పల్చటి అల్యూమినియంది, అంచు మడిచినదై ఉండాలి. స్టీలు వద్దు. నడినెత్తి మీద, పళ్ళెం మధ్యభాగం అడ్డంగా తగలాలి. అంచు తగిలితే చర్మం చిట్లుతుంది, ముఖం మీద తగిలితే ముక్కు. కొట్టేవాడి మణికట్టు తగిలిన క్షణంలోనే ఆగాలి, కిందికి నొక్కుకుంటూ పోకూడదు. దెబ్బ తినేవాడు మెడ బిగించకుండా, నాలుక పళ్ళ మధ్య లేకుండా చూసుకోవాలి. ఒక్కో పళ్ళెం రెండు మూడు టేకులకి సొట్టపోయి మోత మారిపోతుంది, కనీసం ఆరు తెచ్చుకోండి. కత్తులు దగ్గర షాట్లకి రబ్బరువి, దూరపు షాట్లలో మెరుపు కావాలంటే మొద్దు అంచు అల్యూమినియంవి. నడిచే మనుషుల మధ్య నిజమైన కత్తి, కూరగాయలు కోసేదైనా సరే, సెట్‌లో ఉండకూడదు. అద్దాల మధ్యనుంచి దూకే షాట్‌కి నిజమైన అద్దం జోలికి పోకండి. విరగాల్సిన చోట సులువుగా పగిలే నకిలీ అద్దం, అదే షుగర్ గ్లాస్, విరగనక్కర్లేని చోట అక్రిలిక్. షుగర్ గ్లాస్ ఎండలో మెత్తబడుతుంది, షాట్‌కి ముందుదాకా చల్లటి నీడలో ఉంచాలి. కారంపొడి కావలసిన చోట రంగు కలిపిన బియ్యప్పిండి చాలు, కానీ అదీ ఫ్యాను ఎదురుగా, నిప్పు దగ్గర చల్లకూడదు.

నటుడికి తర్ఫీదు లేకపోతే పడటాన్ని రెండు షాట్లుగా కొయ్యండి. మొదటిది వెనకనుంచి డూప్, రెండోది కిందపడి ఉన్న నటుడు తలెత్తే ముఖం. హాస్యగాడికి డూప్ పెట్టడంలో నామోషీ ఏమీ లేదు. డూప్ లేడని చాటుకోవలసిన అవసరం హీరోది.

90 సెకన్ల పరుగుకి ఒక కొలత చెబుతాను, ఇది రాతమీద చెక్కిన శాసనం కాదు. ఎనిమిది అడ్డంకులు చాలు. మొదటి మూడూ హీరోకి మాత్రమే, నవ్వు లేకుండా, 25 సెకన్లలో. వీటివల్ల అతని ఒళ్ళు ఏం చేయగలదో ప్రేక్షకుడికి రుజువవుతుంది. నాలుగో దానినుంచి హాస్యగాడు చేరాలి. ఒక అడ్డంకిని హీరో ఒడుపుతో దాటుతాడు, హాస్యగాడు పొరపాటున దాటుతాడు, తరిమేవాళ్ళు గుద్దుకుంటారు. ఈ మూడు మెట్ల వరస రెండుసార్లు మించి వాడకండి, మూడోసారి ప్రేక్షకుడు మీకంటే ముందుంటాడు. ఏడోది నవ్వుగా మొదలై నిజమైన దెబ్బతో ముగియాలి. ఎనిమిదోది హీరో ఒంటరిగా, అన్నిటికంటే పెద్దది, కావాలంటే రిపీట్ షాట్‌తో. 'ఓంగ్ బాక్'లోనే తుక్‌తుక్‌ల, అంటే అక్కడి ఆటోల, పరుగు కూడా ఇలాగే నవ్వులాటగా మొదలై, కట్టడం పూర్తికాని ఎత్తైన రోడ్డు అంచునుంచి బళ్ళు పడిపోవడంతో తేలుతుంది.

చూడదగ్గవి: మమ్ తానే రాసి తీసిన 'ది బాడీగార్డ్' (2004). అందులో సూపర్ మార్కెట్ ఫైట్‌లో టోనీ జా కాసేపు కనిపిస్తాడు. నవ్వుల సినిమా మధ్యలోకి నవ్వని మనిషి వస్తే ఏమవుతుందో అక్కడ చూడొచ్చు. పన్నా తీసిన 'బోర్న్ టు ఫైట్' (2004) నిజమైన క్రీడాకారులతో నడుస్తుంది, ఎంత బరువైన దెబ్బ ఎలా పడాలో నేర్చుకోవడానికి. 2005 'తోమ్ యమ్ గుంగ్'లో సిడ్నీ పోలీసుగా మమ్ ఉన్నాడు, కానీ రెస్టారెంటు మెట్ల మీద సుమారు నాలుగు నిమిషాలు కోతలేకుండా సాగే ఫైటు దగ్గరికి అతన్ని రానివ్వలేదు. మంచి నిర్ణయం. ఒకే టేకులో ఊపిరి బిగబట్టించే పని జరుగుతుంటే నవ్వుకి చోటులేదు. యాక్షన్ నటి జీజా యానిన్‌తో మమ్ తీసిన 2011 నాటి 'దిస్ గర్ల్ ఈజ్ బ్యాడ్ యాస్' ఎలా కుదరదో తెలుసుకోవడానికి పనికొస్తుంది. ఆ అమ్మాయి ఫైట్లు గట్టివే, హాస్యగాళ్ళూ గట్టివాళ్ళే, కానీ వాళ్ళు వేరే గదిలో ఉన్నట్టుంటారు. మీ సినిమా జబ్బు కూడా అదే. ఏది చూసినా థాయ్ మూల కూర్పే చూడండి, విదేశాల విడుదలలకి కొన్నిటిని తిరిగి కూర్చి సంగీతం మార్చారు, అమెరికాకి వెళ్ళిన 'తోమ్ యమ్ గుంగ్'లో చాలా భాగం కోసేశారు.

ఇప్పటికే తీసేసిన ఫుటేజీ ఉంది కాబట్టి మళ్ళీ షూటింగుకి డబ్బు పెట్టే ముందు ఈ పనులు చెయ్యండి. హీరో నవ్వే, వెక్కిరించే, కన్నుకొట్టే ఫ్రేములన్నీ కోసెయ్యండి. ముఖం దొరక్కపోతే వీపు వాడండి. దెబ్బల మీది తమాషా శబ్దాలు తీసేసి నిజమైన మోత పెట్టండి. కామెడీ రియాక్షన్ల ముందు అరసెకను ఖాళీ తెండి, షాట్‌లో లేకపోతే చివరి ఫ్రేముని ఆపకండి, అంతకు ముందు వెనక తరిమేవాళ్ళ షాట్ ఒకటి పొడిగించండి. ఇంకా అతకకపోతే తిరిగి తియ్యాల్సింది ఒక్కటే ఉంటుంది: హీరో, హాస్యగాడు ఇద్దరూ నిలువెల్లా కనిపించే వైడ్ షాట్, అదే సందులో, ఒక పూట పని.